మే ఎండ, చర్చి పెళ్ళి, ఐదు శాటిన్ గౌన్లు: బట్ట ఎలా ఎంచుకున్నాం

గుంటూరు చుట్టుపక్కల చర్చి పెళ్ళిళ్ళకు గౌన్లు కుట్టే మాకు ఏటా ఒక తిప్పలుంటుంది. ఈస్టర్‌కు ముందు శ్రమ దినాల్లో చాలా సంఘాలవాళ్ళు పెళ్ళిళ్ళు పెట్టుకోరు. ఈస్టర్ దాటిందంటే ఆగిన పెళ్ళిళ్ళన్నీ ఒక్కసారిగా మొదలవుతాయి. పిల్లలకు సెలవులు, అమెరికా బంధువులకు లీవు, అన్నీ కలిసొచ్చేది మే నెలలోనే. రోళ్ళు పగిలే ఆ ఎండలో పెళ్ళికూతురి పక్కన నిలబడే అమ్మాయిలకు అందరూ అడిగేది శాటినే. ఫొటోలో అందంగా పడుతుంది, తెల్ల గౌను పక్కన రంగు నిండుగా కనిపిస్తుంది, ఆ మాట నిజమే. కానీ కొట్లో చేత్తో నిమిరినప్పుడు చల్లగా, మెత్తగా అనిపించిన బట్టే చర్చిలో గంట గడిచేసరికి ఒంటికి అతుక్కుపోతుంది. ఈ ఆర్డరు గురించి వివరంగా రాయడానికి కారణం అదే. ఇందులో బట్ట ఎంపికకు సంబంధించిన చిక్కులన్నీ దాదాపు ఒకేచోట తగిలాయి.

ఆర్డరు

పెళ్ళి ఉదయం పదిన్నరకు. పాత చర్చి, ఎత్తైన పైకప్పు, ఫ్యాన్లే తప్ప ఏసీ లేదు. ఆరాధన, వాక్యం (పాస్టరుగారి ప్రసంగం), ప్రమాణాలు, రిజిస్టర్‌లో సంతకాలు అన్నీ కలిపి రెండు గంటలు. తర్వాత బయట చెట్ల కింద ఫొటోలు, భోజనాలు. రిసెప్షన్ సాయంత్రం ఏసీ ఫంక్షన్ హాల్లో.

తోడిపెళ్ళికూతుళ్ళు ఐదుగురు. పెళ్ళికూతురి చెల్లి, ఇద్దరు కాలేజీ స్నేహితురాళ్ళు, డాలస్ నుంచి వస్తున్న పెదనాన్నగారి అమ్మాయి, ఇంకా పెళ్ళయిన అక్క. అక్క ఒళ్ళో ఐదు నెలల బాబు, పాలు తాగే పిల్లవాడు. స్నేహితురాళ్ళలో ఒకామె బాగా సన్నం, ఇంకొకామె బొద్దుగా ఉంటుంది.

పెళ్ళికూతురు ఫోన్లో చూపించిన బొమ్మ లేత సేజ్ గ్రీన్ శాటిన్ స్లిప్ డ్రెస్. సన్నటి స్ట్రాప్‌లు, క్రాస్ కటింగ్ (బట్టను ఏటవాలుగా కోయడం), ఒంటికి పట్టినట్టు జారే బట్ట. "అక్కా, అచ్చం ఇలాగే కావాలి" అంది. వాళ్ళమ్మగారు పక్కనుంచి, "చేతులు లేకపోతే మన సంఘంలో ఊరుకోరమ్మా" అన్నారు. అక్కడికక్కడే మోచేతుల దాకా చేతులు, ఏ లైన్ ఫ్లేరు (కిందికి పోనుపోను వెడల్పయ్యేది), పాదాల దాకా పొడవు అని ఖాయమైంది. నిజానికి ఆ సంఘం నియమం మాకు మేలే చేసింది. క్రాస్ కటింగ్ శాటిన్ నడుము దగ్గర, తొడల దగ్గర ప్రతి మడతనీ చూపిస్తుంది. ఐదు రకాల ఒళ్ళకు ఒకే స్లిప్ డ్రెస్ వేస్తే ఇద్దరికి బాగుంటుంది, ముగ్గురు రోజంతా పొట్ట లోపలికి పీల్చుకుని నిలబడాలి.

కొట్లో బట్ట ముందు

శాటిన్ అనేది నేత పేరు. అది ఏ నూలుతో నేశారన్న సంగతి ఆ పేరు చెప్పదు. పడుగు (నిలువు) దారం నాలుగో అంతకంటే ఎక్కువో పేక (అడ్డం) దారాల మీదుగా తేలుతూ వెళ్ళి, ఒక్క దాని కిందికి దిగి మళ్ళీ పైకొస్తుంది. అలా పొడుగ్గా తేలే దారాల మీద వెలుతురు పడి మెరుస్తుంది. ఇదే నేత పట్టుతో నేయొచ్చు, పాలియెస్టర్‌తో నేయొచ్చు, విస్కోస్‌తో, పత్తితో కూడా నేయొచ్చు. చెమట పట్టినప్పుడు ఒంటికి తెలిసేది ఎక్కువగా ఈ నూలు తేడాయే. మామూలు గాలిలో వంద గ్రాముల పొడి పాలియెస్టర్ అర గ్రాము తేమ కూడా పట్టుకోదు. పత్తి 8 గ్రాముల దాకా పట్టుకుంటుంది, పట్టు, విస్కోస్ అయితే 11 గ్రాముల దాకా. పాలియెస్టర్ శాటిన్ వేసుకున్న మనిషికి చెమట ఎక్కువ పట్టిందని కాదు. పట్టిన చెమటకు పోయే దారి లేదు.

విజయవాడ వస్త్రలత బట్టల మార్కెట్లో తిరిగి మూడు నాలుగు రకాలు పక్కన పెట్టుకున్నాం. మొదటిది కొట్లలో జపాన్ శాటిన్ అని అమ్మే మందపాటి పాలియెస్టర్. గౌను నిలబడి ఉంటుంది, ముడత పడదు, చవక. ఎండాకాలం ఉదయం పెళ్ళికి మాత్రం నేను ముట్టుకోను. రెండోది పల్చటి జారుడు పాలియెస్టర్. పెళ్ళికూతురి ఫోన్లో ఉన్న బొమ్మకు దగ్గరగా ఉన్నది ఇదే. కానీ తడిస్తే ఒంటికి అతుక్కుంటుంది, ఆరితే ఏసీ గదిలో స్టాటిక్ పుట్టి మళ్ళీ అతుక్కుంటుంది. మూడోది పట్టు శాటిన్. 19 మొమ్మే బరువున్నది, అంటే చదరపు మీటరుకు సుమారు 82 గ్రాములు. ఒంటి మీద దాని హాయే వేరు, అందులో వాదన లేదు. కానీ ఐదు గౌన్లకు పట్టు అంటే పెళ్ళికూతురి గౌను ఖర్చును దాటిపోతుంది. పైగా పట్టు మీద నీటి చుక్క పడితే మరక నిలుస్తుంది, పన్నీరు చల్లే పెళ్ళిలో అదొక టెన్షన్. నాలుగోది మోడల్ శాటిన్. కలప గుజ్జు నుంచి తీసే నూలు, విస్కోస్ కుటుంబానిదే, కాకపోతే తడిసినప్పుడు మామూలు విస్కోస్ కన్నా గట్టిగా నిలుస్తుంది. మెరుపు కాస్త తక్కువ, బరువుగా వేలాడుతుంది, గాలి ఆడుతుంది. ధర మామూలు పాలియెస్టర్‌కు రెండింతల పైమాటే.

కాటన్ శాటిన్ కూడా చూశాం. పెళ్ళికూతురు చేత్తో పట్టుకుని "దుప్పటిలా ఉందక్కా" అంది. నిజమే, చాలా హోటళ్ళ దుప్పట్లు ఆ నేతవే.

ఇక్కడ చిన్న జాగ్రత్త. కొట్లో "మోడల్" అన్న ప్రతిదీ మోడల్ కాదు. అందులో పాలియెస్టర్ ఎంత కలిసిందో తాను మీద రాసి ఉండదు. అంచు నుంచి పడుగు దారాలు కొన్ని, పేక దారాలు కొన్ని విడివిడిగా లాగి, కొట్టువాడిని అడిగి బయట అగ్గిపుల్లతో కాల్చి చూస్తాను. పాలియెస్టర్ మంటకు ముడుచుకుని, కరిగి, చివర నల్లటి గట్టి పూసలాగా మిగులుతుంది. మోడల్, విస్కోస్ కాగితంలా కాలి మెత్తటి బూడిద అవుతాయి. పట్టయితే వెంట్రుకలు కాలిన వాసన వస్తుంది. పడుగు ఒకటి, పేక ఒకటి అయిన బట్టలు మార్కెట్లో చాలా ఉన్నాయి, అందుకే రెండువైపుల దారాలూ చూడాలి. ఆ రోజు చూసిన వాటిలో ఒక తాను పేక దారం పూసకట్టింది. కొట్టువాడు నవ్వేసి లోపల్నుంచి ఇంకో తాను తెచ్చాడు.

అగ్గిపుల్ల వీలుకాని చోట నీటి చుక్క వేసి చూడొచ్చు. పాలియెస్టర్ మీద చుక్క కొంతసేపు ముత్యంలా నిలబడుతుంది, మోడల్ మీద వెంటనే ఇంకుతుంది. కాకపోతే ఫినిషింగ్ మందు వేసిన బట్ట కొత్తలో ఏదైనా సరే నీటిని పీల్చదు. కాబట్టి ఈ పరీక్షను నేను సగమే నమ్ముతాను.

రంగు గొడవ

మోడల్ శాటిన్ అనుకున్నాక అసలు చిక్కు బయటపడింది. నీటిని పీల్చే బట్ట తడిని దాచదు. తడిసిన చోట రంగు ముదురుతుంది. సేజ్ గ్రీన్, బూడిద, పౌడర్ బ్లూ, పీచ్ లాంటి మధ్యరకం లేత రంగుల్లో ఆ తేడా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. సౌకర్యంగా ఉండే బట్ట కొన్నాం కదా అనుకుంటే, చంకల కింద చెమట మచ్చలతో అమ్మాయి చెయ్యెత్తడానికే సిగ్గుపడుతుంది. అదేం సౌకర్యం?

పెళ్ళికూతురిని, వాళ్ళమ్మగారిని కొట్టు బయట వెలుతురులోకి పిలిచి, మూడు రంగుల ముక్కల మీద వేళ్ళతో నీళ్ళు చల్లి చూపించాం. సేజ్ మీద మచ్చ రోడ్డు అవతలి నుంచి కూడా కనబడింది. బాటిల్ గ్రీన్ మీద దగ్గరికొచ్చి చూస్తే తప్ప తెలియలేదు. పెళ్ళికూతురు కాసేపు మొహం ముడుచుకుంది. ఆ రంగు మీద చాలా రోజుల నుంచి మనసు పెట్టుకుంది మరి. చివరికి బొకేల్లో ఆకులు సేజ్ రంగులో పెట్టిద్దాం, గౌన్లు బాటిల్ గ్రీన్ అని వాళ్ళ చెల్లి రాజీ కుదిర్చింది.

ముదురు రంగుకీ ఒక లోటుంది. చెమట ఆరాక ఉప్పు తెల్లటి గీతలాగా తేలుతుంది. ఎండలో వేడినీ ఎక్కువ పట్టుకుంటుంది. ఎండలో నిలబడేది ఫొటోలకు కాసేపే కాబట్టి వేడి సంగతి వదిలేశాం. ఉప్పు గీత సంగతి మాత్రం లైనింగ్‌తో తేల్చాలి.

లోపలి బట్ట

నా మటుకు నేను శాటిన్ కన్నా లైనింగ్ మీదే ఎక్కువసేపు ఆలోచిస్తాను. ఒంటికి తగిలేది అదే కదా. మోడల్ శాటిన్ కొనడానికి డబ్బు పెట్టి, లోపల చవక పాలియెస్టర్ క్రేప్ వేసిన గౌన్లు రిపేరుకు మా దగ్గరికి వస్తుంటాయి. పైన ఏ బట్ట ఉన్నా లాభం లేదు, లోపల ప్లాస్టిక్ కవరు తొడుక్కున్నట్టే.

నడుము పైభాగానికి మెత్తటి మల్ కాటన్ వేశాం. ఉతికి, ఆరబెట్టి, ఇస్త్రీ చేశాకే కోశాం, లేదంటే మొదటి ఉతుకులోనే లైనింగ్ కుంచించుకుపోయి పైబట్టను లాగేస్తుంది. పాలిండ్ల కింద, వీపు మీద, చంకల్లో లైనింగ్ కుట్టు అంచులు ఒంటివైపు రాకుండా శాటిన్‌వైపు తిప్పి కుట్టాం. ఈ ఒక్క పనికి టైలర్లు విసుక్కుంటారు. కానీ ఉబ్బరంలో ఇంటర్‌లాక్ దారం ఒరుసుకుంటే సాయంత్రానికి ఎర్రటి చారలు తేలుతాయి.

చంకల్లో అర్ధచంద్రాకారంగా రెండు పొరల కాటన్ ముక్కలు కట్ చేసి టిచ్ బటన్లతో అమర్చాం. మధ్యాహ్నం వాటిని పీకేసి సాయంత్రానికి కొత్త జత పెట్టుకోవచ్చు. ఒక స్నేహితురాలు మాత్రం "చెయ్యి లావుగా కనిపిస్తుంది, నాకొద్దు ఆంటీ" అంది. సరే అని ఆమె గౌనులో పెట్టలేదు, ముక్కలు మాత్రం కవర్లో వేసి ఇచ్చాం.

నడుము కింద మాత్రం కాటన్ వేయకూడదు. మోడల్ శాటిన్‌ను కాటన్ పట్టుకుంటుంది. నడిచేటప్పుడు బట్ట మోకాళ్ళ మధ్య ముడుచుకుపోయి అడుగడుగునా లాగి సరిచేసుకోవాల్సి వస్తుంది. అందుకే ఫ్లేరుకు విస్కోస్ కలిసిన సాంటూన్ అనే జారుడు లైనింగ్ బట్ట వేశాం. మోకాలి కింద దాకానే, అదీ పక్క కుట్లకు కలపకుండా నడుము దగ్గర్నుంచి విడిగా వేలాడేట్టు.

కటింగ్ బల్ల మీద

శాటిన్‌కు పైకీ కిందకీ మెరుపు తేడా ఉంటుంది. ఒక ముక్క నిటారుగా, పక్కముక్క తలకిందులుగా కోస్తే కుట్టాక అవి రెండు వేరే రంగుల్లా కనిపిస్తాయి. అన్ని ముక్కలూ ఒకే దిక్కున వేయాలి, అందువల్ల బట్ట ఎక్కువ పడుతుంది. 44 అంగుళాల పన్నా (బట్ట వెడల్పు)లో ఒక్కో గౌనుకు ఐదు మీటర్ల దాకా లెక్కేసి, ఐదింటికీ ఒకే తానులోంచి తీసుకున్నాం. ఇంకో తాను అదే నంబరుదే అయినా, అద్దకం వేరే విడతదైతే రంగు తేడా వస్తుంది. అది కొట్టులో తెలీదు, ఐదుగురూ వరసగా నిలబడినప్పుడు ఫొటోలో తెలుస్తుంది.

బట్టను కోయకముందే నీళ్ళలో ముంచి నీడన ఆరేశాం. విస్కోస్ జాతి బట్ట కుంచించుకునేదేదో ముందే కుంచించుకుంటే మంచిది. మా కటింగ్ మాస్టారు శాటిన్‌ను రెండు పొరలు మడిచి కోయరు. జారిపోతుందని కింద తెల్ల కాగితం పరిచి ఒక్కో పొరే కోస్తారు. గుండుసూదులు కుట్టు మార్జిన్ లోపలే. మెషీన్‌కు కొత్త సూది, 9 నంబరు. సూది కాస్త మొద్దుబారినా చాలు, పొడుగాటి దారం ఒకటి తెగి బట్టంతా గీత పడుతుంది.

శాటిన్‌లో ఎక్కువమందికి తెలియని ప్రమాదం కుట్టు విచ్చుకోవడం. కుట్టు తెగదు. కుట్టు పక్కన దారాలే జరిగి సందు పడుతుంది. పిరుదుల దగ్గర, వీపు వైపు చంక దగ్గర బిగుతుగా ఉంటే కూర్చున్నప్పుడల్లా ఆ సందు పెరుగుతుంది. బట్ట కొన్న రోజే రెండు ముక్కలు కలిపి కుట్టి, రెండు బొటనవేళ్ళతో అటూ ఇటూ లాగి చూశాం. గట్టిగా లాగితే సందు పడింది. దాంతో కొలతలు మార్చాం. పిరుదుల కొలత కుర్చీలో కూర్చోబెట్టి తీశాం, దాని మీద మూడు అంగుళాలు వదులు. ఆ కుట్ల వెంట లోపల పల్చటి ఫ్యూజింగ్ (ఇస్త్రీ వేడికి అంటుకునే) పట్టీ.

డాలస్ అమ్మాయి కొలతలు వీడియో కాల్‌లో వాళ్ళమ్మ తీసి పంపారు. మామూలు బట్టయితే పక్కల్లో అంగుళం అంగుళంన్నర లోపల వదిలి, మనిషి వచ్చాక సరిచేస్తాం. శాటిన్‌లో ఆ పప్పులు ఉడకవు. కుట్టు విప్పితే సూది పడిన చుక్కల వరస అలాగే మిగిలిపోతుంది, ఇస్త్రీ పెట్టినా పోదు. అందుకని ఆమె గౌనుకు వెనక జిప్ తీసేసి డోరీలతో బిగించుకునేట్టు, మధ్యలో అదే బట్టతో ఒక పట్టీ వేశాం. రెండు అంగుళాలు అటైనా ఇటైనా సర్దుకుంటుంది. పెళ్ళికి వారం ముందు ఆమె వచ్చి వేసుకున్నప్పుడు కొలత నిజంగానే అంగుళం తేడా వచ్చింది. విమానంలో కాళ్ళూ ఒళ్ళూ ఉబ్బాయి అంది, సరే.

అక్క గౌనుకు ప్రిన్సెస్ కట్ కుట్లలో రెండువైపులా కనబడని జిప్‌లు పెట్టాం, పాలివ్వడానికి. జిప్ వెనక కాటన్ మడత తప్పనిసరి, లేదంటే పళ్ళు ఒంటికి గుచ్చుకుంటాయి. బాబు బుగ్గ తగిలేదీ అక్కడే.

ట్రయల్

ఐదూ కోయకుండా ముందు చెల్లి గౌను ఒక్కటే పూర్తిగా కుట్టాం. మధ్యాహ్నం రెండు గంటలప్పుడు షాపులో ఏసీ ఆపేసి, ఫ్యాన్ పెట్టి, ఆ అమ్మాయిని దాదాపు గంట ఆ గౌనులోనే ఉంచాం. నిలబడింది, ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుంది, ప్రార్థనకు వంగినట్టు మోకరించింది, అక్క కొడుకును చంకనెత్తుకుంది. అద్దం ముందు రెండు నిమిషాలు తిప్పి చూసే ట్రయల్‌లో ఇవేవీ బయటపడవు.

రెండు సంగతులు తేలాయి. మోకరించి లేచేటప్పుడు ముందు అంచు చెప్పు కింద పడుతోంది. పెళ్ళిరోజు వేసుకునే చెప్పులే తెప్పించి, ముందు భాగం నేలకు అంగుళం పైకి ఎత్తి, వెనక అలాగే వదిలాం. రెండోది చేతులు. లైనింగ్ లేని మోచేతి చేతులు చెమటకు చర్మానికి అతుక్కున్నాయి. నడుము పైభాగం పొడిగానే ఉంది, చేతులే ఇబ్బంది. లైనింగ్ వేస్తే మందమవుతుంది. కాబట్టి చేతి అంచును రెండు అంగుళాలు వెడల్పు చేసి గంట ఆకారంలో వదిలేశాం. గాలి లోపలికి పోతుంది, సంఘం పెద్దలకు అభ్యంతరం లేదు, పెళ్ళికూతురికి ఆ డిజైన్ ఇంకా నచ్చింది. మిగతా నాలుగూ ఆ మార్పులతోనే కోశాం.

పెళ్ళి రోజు

చర్చికి నేనూ వెళ్ళాను. వాక్యం అనుకున్నదానికన్నా చాలాసేపు నడిచింది. వీపు మీద, చంకల కింద ఎవరికీ మచ్చలు లేవు, చంక ముక్కలు వద్దన్న అమ్మాయికి తప్ప. ఆమె ఫొటోలన్నిట్లో బొకేను కుడి మోచేతి దగ్గరే పట్టుకుంది. భోజనాలకు ముందు తనే వచ్చి కవర్లో ముక్కలు ఎక్కడున్నాయని అడిగింది.

మోడల్ శాటిన్‌కున్న అసలు లోటు కార్లో కనిపించింది. ఇంటి నుంచి చర్చికి ఇరవై నిమిషాల ప్రయాణంలో ఒళ్ళో, వెనక గట్టి ముడతలు. ముందే చెప్పి ఉంచాం కాబట్టి చర్చి వెనక గదిలో స్టీమర్ సిద్ధంగా ఉంది. లోపలివైపు నుంచి, బట్టకు కాస్త దూరంలో పట్టుకుని ఆవిరి ఇచ్చాం. స్టీమర్ మొదట్లో నీళ్ళు చిమ్ముతుంది, అందుకే ముందు పాత తువ్వాలు మీద కాసేపు వదలాలి. అయినా పెళ్ళికూతురి అమ్మగారికి కొన్ని ఫొటోల్లో ముడతలు కనిపిస్తున్నాయని అసంతృప్తే. ఆవిడ మాట కాదనలేను. పాలియెస్టర్‌లో ఆ ముడతలు పడేవి కావు. ముడత కావాలా, ఉక్కపోత కావాలా అని బేరం పెట్టుకోవాల్సిందే, రెండూ లేని శాటిన్ ఆ ధరలో నాకింకా తగల్లేదు.

సాయంత్రం ఏసీ హాల్లో ఐదుగురూ అవే గౌన్లలో ఉన్నారు. మామూలుగా రిసెప్షన్‌కు ముందే ఈ అమ్మాయిలు గౌన్లు విప్పేసి కుర్తాల్లోకి మారిపోతారు. బాబు మాత్రం అక్క భుజం మీద పాలు కక్కాడు. వెంటనే తడిగుడ్డతో అద్దితే పోయింది. పట్టయి ఉంటే అక్కడ మరక ఉండిపోయేది.

ఉతకడం గురించి కాగితం మీద రాసిచ్చాను. చల్లటి నీళ్ళు, పలచటి షాంపూ, పిండకూడదు, నీడన పరిచి ఆరబెట్టాలి, ఇస్త్రీ తిరగేసి. చంక ముక్కలు విడిగా ఉతకాలి. డాలస్ అమ్మాయి డ్రయ్యర్‌లో వేయొచ్చా అని వాట్సాప్‌లో అడిగింది, వద్దని చెప్పాను. రెండు నెలల తర్వాత చెల్లి తన గౌనును మోకాళ్ళ దాకా కత్తిరించి ఫ్రాకు చేయించుకుంది.

అదే కుటుంబానికి డిసెంబరులో హైదరాబాద్‌లో ఇంకో పెళ్ళి ఉంది. రాత్రి పెళ్ళి, ఏసీ హాలు, కారు ప్రయాణం ఎక్కువ. దానికి ముడత పడని పాలియెస్టర్ క్రేప్ శాటిన్ తీసుకున్నాం, వెనకవైపు మ్యాట్‌గా ఉండేది. ఈసారి సేజ్ గ్రీన్ కూడా కుదిరింది. లైనింగ్ మాత్రం ఇదివరకటి మల్ కాటనే.